చెప్పడం వేరు, చేరడం వేరు

2015కు ముందు మ్యాగీ నూడుల్స్ ప్యాకెట్ మీద 'నో యాడెడ్ ఎంఎస్‌జీ' అని ఒక ముక్క ఉండేది. ఎంఎస్‌జీ అంటే మోనోసోడియం గ్లుటమేట్. ఫాస్ట్‌ఫుడ్ బండి దగ్గర టేస్టింగ్ సాల్ట్ అనీ, అజినమోటో అనీ పిలిచేది దాన్నే. కంపెనీ లెక్కలో ఆ ముక్క అబద్ధం కాదు. ఎంఎస్‌జీని విడిగా తెచ్చి కలపడం లేదు కాబట్టి 'కలపలేదు' అని రాసుకున్నారు. కానీ ఉల్లిపాయ పొడిలోనూ, గోధుమ పిండిలోనూ, వేరుశనగ ప్రొటీన్‌లోనూ గ్లుటమేట్ ఎంతో కొంత ఉంటుంది. ల్యాబ్‌లో పెడితే అది కనబడుతుంది. స్కూలు నుంచి ఆకలితో వచ్చిన పిల్లవాడికి గబగబా వండిపెట్టే తల్లికి ఈ గొడవంతా ఎందుకు? 'కలపలేదు' అని రాస్తే ఆమె 'లేదు' అనే చదువుకుంటుంది. ఎవరైనా అలాగే చదువుకుంటారు.

వ్యాపారంలో కమ్యూనికేషన్ ఎంత ముఖ్యమో చెప్పమంటే మన దగ్గర మాట వెంటనే ఇంగ్లీషు మీదికి పోతుంది. అమీర్‌పేటలో కోచింగ్ బోర్డుల మీద 'కమ్యూనికేషన్ స్కిల్స్' అని ఉందంటే లోపల నేర్పేది స్పోకెన్ ఇంగ్లీషే. తడబడకుండా మాట్లాడటం, చేతులు ఎలా కదపాలి, ఇంటర్వ్యూలో ఎలా కూర్చోవాలి వగైరా. అవి అక్కర్లేదని కాదు. వ్యాపారాలు దెబ్బతిన్న సందర్భాలు తీసి చూస్తే మాత్రం, మాట తడబడటం వల్ల మునిగిన కంపెనీ ఒక్కటీ కనబడదు. లోపల తెలిసిన సంగతి బయట తెలియాల్సినవాళ్లకు చేరకపోవడం, లేదా వేరే అర్థంతో చేరడం, అదీ కాకపోతే ఆలస్యంగా చేరడం. నష్టమంతా అక్కడే జరిగింది. మ్యాగీ కథలో ఈ మూడూ ఉన్నాయి.

2014లో ఉత్తరప్రదేశ్‌లోని బారాబంకీలో ఒక ఫుడ్ ఇన్‌స్పెక్టర్ మామూలు తనిఖీలో భాగంగా మ్యాగీ శాంపిల్ తీసి పరీక్షకు పంపారు. గోరఖ్‌పూర్ ల్యాబ్‌లో ఎంఎస్‌జీ కనబడింది. శాంపిల్ కోల్‌కతా సెంట్రల్ ల్యాబ్‌కు వెళ్లింది. అక్కడ ఎంఎస్‌జీతో పాటు సీసం కూడా తేలింది. పరిమితి 2.5 పీపీఎం (పది లక్షల భాగాల్లో రెండున్నర) అయితే రిపోర్టులో ఉన్నది 17.2. 2015 మే నెలలో ఈ సంగతి పత్రికలకెక్కింది.

అప్పుడు మ్యాగీ తయారుచేసే నెస్లే ఇండియా ఏం చెప్పిందన్నదే అసలు విషయం. మా ఉత్పత్తి సురక్షితం, ఇప్పుడు అమ్ముతున్న సరుకును వెనక్కి తీసుకోమని ఆదేశాలేమీ లేవు, ఆ రిపోర్టుతో మేం ఏకీభవించడం లేదు. ఇదీ సారాంశం. లాయరు చదివితే ఇందులో తప్పుపట్టడానికి ఏమీ ఉండదు. కానీ ఇంట్లో డబ్బా నిండా ప్యాకెట్లు పెట్టుకున్న మనిషికి కావలసిన జవాబు ఒక్కటే: మా పిల్లలకు పెట్టొచ్చా, వద్దా? కిరాణా కొట్టువాడికి కావలసింది ఇంకొకటి: ఉన్న స్టాకు అమ్మాలా, వాపసు పంపాలా? పంపితే డబ్బులు ఎవరిస్తారు? ఈ ప్రశ్నలకు కంపెనీ ప్రకటనల్లో సూటి జవాబు దొరకలేదు. ఆ ఖాళీని టీవీ చానళ్లు నింపాయి. రోజుకో రాష్ట్రం శాంపిళ్లు తీయడం మొదలుపెట్టింది. జూన్ 3న ఢిల్లీ ప్రభుత్వం 15 రోజులు అమ్మకాలు ఆపించింది. జూన్ 4 అర్ధరాత్రి దాటే వేళకు కంపెనీయే సరుకు వెనక్కి తీసుకుంటున్నట్టు ప్రకటించింది. మర్నాడు నెస్లే ప్రపంచ సీఈవో పాల్ బుల్కే ఢిల్లీలో విలేకరుల ముందుకొచ్చి, మ్యాగీ సురక్షితమే అయినా వినియోగదారుల నమ్మకం దెబ్బతింది కాబట్టి ఆపేస్తున్నామన్నారు. అదే రోజు ఆహార భద్రతా సంస్థ ఎఫ్ఎస్ఎస్ఏఐ తొమ్మిది రకాలను వెనక్కి తీసుకోమని ఆదేశించింది. సీసం ఒక కారణం, ప్యాకెట్ మీది ఆ ఎంఎస్‌జీ ముక్క రెండో కారణం. మూడోది, ఓట్స్ నూడుల్స్‌ను అనుమతి రాకుండానే మార్కెట్లోకి వదలడం.

వేల టన్నుల సరుకు వెనక్కి వచ్చింది. దాన్ని సిమెంటు ఫ్యాక్టరీల బట్టీల్లో కాల్చేశారు. ఏప్రిల్-జూన్ త్రైమాసికంలో కంపెనీకి 64.4 కోట్ల రూపాయల నష్టం వచ్చింది. అంతకు ముందు ఏడాది అదే మూడు నెలల్లో 287 కోట్లకు పైగా లాభం చూపిన కంపెనీ అది.

ఆ తర్వాత జరిగింది ఇంకా ఆలోచించదగ్గది. ఆగస్టు 13న బొంబాయి హైకోర్టు ఆ నిషేధాన్ని కొట్టేసింది. కంపెనీ వాదన సరిగ్గా వినకుండానే ఉత్తర్వులిచ్చారని తప్పుపట్టింది. హైదరాబాద్, జైపూర్, మొహాలీల్లోని మూడు గుర్తింపు పొందిన ల్యాబ్‌లలో మళ్లీ పరీక్షలు చేయించమంది. మూడు చోట్లా సీసం పరిమితికి లోపలే ఉందని తేలింది. అంటే సీసం విషయంలో కంపెనీ మొదటి నుంచీ చెప్పిందే చివరికి నిలిచింది. కానీ మే నెలలో ఆ మాట జనం నమ్మేలా చెప్పలేకపోయింది. నవంబరులో కోర్టు కాగితాలతో వచ్చేసరికి మధ్యలో ఐదు నెలల వ్యాపారం గాలికి పోయింది. గోటితో పోయేదాన్ని గొడ్డలి దాకా తెచ్చుకోవడమంటే ఇదే.

మే మూడో వారంలో వేరేలా చేసి ఉంటే? ఇన్ని బ్యాచ్‌లు పరీక్షించాం, ఇవీ ఫలితాలు అని అంకెలు బయటపెట్టవచ్చు. గ్లుటమేట్ ఎక్కడి నుంచి వస్తుందో నాలుగు వాక్యాల్లో చెప్పవచ్చు. అనుమానమున్నవాళ్లు ప్యాకెట్ తిరిగిచ్చి డబ్బు తీసుకోండి అనవచ్చు. నిషేధం అప్పటికీ వచ్చేదేమో. అయితే జనం కంపెనీ మాట విన్నాకే ఏదో ఒకటి అనుకునేవారు. ఆగస్టులో సురేశ్ నారాయణన్ ఎండీగా వచ్చాక కంపెనీ గొంతు మారింది. దీపావళికి రెండు రోజుల ముందు, నవంబరు 9న మ్యాగీ తిరిగొచ్చింది. స్నాప్‌డీల్‌లో పెట్టిన 60 వేల కిట్లు ఐదు నిమిషాల్లో అమ్ముడయ్యాయి. ఎంఎస్‌జీ గురించిన ఆ ముక్కను మాత్రం ప్యాకెట్ మీద నుంచి తీసేశారు. బిజినెస్ స్కూళ్లలో దీన్ని మీడియాతో ఎలా మెలగాలి అనే పాఠంగా చెబుతుంటారు. కానీ ఇది మీడియా దాకా వెళ్లక ముందే, లేబుల్ రాసిన రోజే మొదలైన తప్పు. ఆ లేబుల్ రాసినవాళ్లు చట్టం ఎలా చదువుతుందో చూసుకున్నారు, కొనేవాళ్లు ఎలా చదువుతారో చూసుకోలేదు.

దీనికి సరిగ్గా తిరగేసిన కథ మన హైదరాబాద్‌లోనే ఉంది. చెప్పడంలో సత్యం కంప్యూటర్స్ ఎవరికీ తీసిపోలేదు. వార్షిక నివేదికలు దర్జాగా ఉండేవి. 2008లో కార్పొరేట్ గవర్నెన్స్‌కు గోల్డెన్ పీకాక్ అవార్డు కూడా వచ్చింది. అదే ఏడాది డిసెంబరు 16న ప్రమోటర్ల కుటుంబానికి చెందిన మేటాస్ కంపెనీలను 160 కోట్ల డాలర్లకు కొంటున్నామని ప్రకటించింది. ఇన్వెస్టర్లు మండిపడటంతో కొన్ని గంటల్లోనే వెనక్కి తగ్గింది. 2009 జనవరి 7న సత్యం చైర్మన్ రామలింగరాజు తప్పు ఒప్పుకుంటూ రాసిన లేఖ బయటికొచ్చింది. పుస్తకాల్లో చూపిన నగదు, బ్యాంకు నిల్వల్లో 5,040 కోట్లు అసలు లేనే లేవు. అన్నేళ్ల మంచి మాటలూ ఆ ఒక్క ఉత్తరంతో తేలిపోయాయి. అవార్డును కూడా వెనక్కి తీసుకున్నారు. ఆ తర్వాత ప్రభుత్వం వేసిన కొత్త బోర్డు ముందున్న పని కూడా చాలావరకు చెప్పడమే: సుమారు 50 వేల మంది ఉద్యోగులకు జీతాలు ఆగవని, విదేశీ క్లయింట్లకు ప్రాజెక్టులు ఆగవని. అయితే ఈసారి మాట వెనుక బ్యాంకు అప్పు, కొత్త సీఈవో, అమ్మకానికి ఒక గడువు ఉన్నాయి. ఏప్రిల్‌లో టెక్ మహీంద్రా షేరుకు 58 రూపాయల చొప్పున పాడి కంపెనీని దక్కించుకుంది.

ఇంత పెద్ద కంపెనీల సంగతి పక్కనపెట్టి రోజువారీ వ్యాపారంలోకి వస్తే, ఎక్కువ గొడవలు అబద్ధాల వల్ల రావు. ఇద్దరూ నిజమే చెప్పుకుంటారు, చెరొక కొలతలో. కోస్తాలో ధాన్యం బస్తా అంటే 75 కిలోలని అనుకుంటారు. తెలంగాణ కొనుగోలు కేంద్రంలో బస్తా అంటే 40 కిలోలు. ఆంధ్రలో స్థలం సెంట్లలో, తెలంగాణలో గుంటల్లో. సెంటుకు 48.4 గజాలు, గుంటకు 121. నెల్లూరు అంకణం 72 చదరపు అడుగులైతే చిత్తూరు వైపు 36. విజయవాడ నుంచి వచ్చి కరీంనగర్‌లో స్థలం బేరమాడేవాడు 'ఎంతకు పడుతుంది' అని అడిగితే, ఇద్దరి బుర్రల్లో రెండు లెక్కలు నడుస్తుంటాయి. అనుభవమున్న బ్రోకరు అందుకే ముందు గజాల్లోకి మార్చి మాట్లాడతాడు.

ఇది పల్లెటూరి బేరాల సమస్య అనుకోనక్కర్లేదు. 1999 సెప్టెంబరు 23న నాసా వారి మార్స్ క్లైమేట్ ఆర్బిటర్ అనే అంతరిక్ష నౌక అంగారకుడి దగ్గరికి చేరి అక్కడే మాయమైంది. దాన్ని తయారుచేసిన లాక్‌హీడ్ మార్టిన్ సాఫ్ట్‌వేర్ థ్రస్టర్ల (నౌకను నెట్టే చిన్న ఇంజిన్ల) తోపుడు లెక్కను పౌండ్లలో ఇస్తోంది. కాలిఫోర్నియాలో దారి లెక్కగట్టే బృందం ఆ అంకెలను న్యూటన్లుగా తీసుకుంటోంది. తేడా 4.45 రెట్లు. ఉపరితలానికి 226 కిలోమీటర్ల ఎత్తున వెళ్లాల్సిన నౌక సుమారు 57 కిలోమీటర్ల ఎత్తుకు దిగిపోయింది. నౌక ఒక్కదాని ఖర్చే 12.5 కోట్ల డాలర్లు. రెండు వైపులా ఉన్నది ప్రపంచంలో మేటి ఇంజినీర్లు. ఎవరి లెక్క వారికి సరైనదే.

ఆ విచారణలో బయటపడిన ఇంకొక సంగతికి పెద్దగా పేరు రాలేదు కానీ, వ్యాపారాలకు ఎక్కువ పనికొచ్చేది అదే. లెక్కలు తేడాగా ఉన్నాయని దారి చూసే బృందంలో కొందరికి ముందే అనుమానం వచ్చింది. ఆ అనుమానం ఈమెయిళ్లలో, మాటల్లో తిరిగింది. సమస్యను నమోదు చేయడానికి ఒక పద్ధతి ఉంది, అందులోకి మాత్రం ఎక్కలేదు. నమోదు కాకపోతే దానికి బాధ్యుడంటూ ఎవరూ ఉండరు. ఎవరో చూసుకుంటున్నారనే అందరూ అనుకుంటారు.

మన ఆఫీసుల్లో దీనికి రోజూ జరిగే రూపం ఒకటుంది. సోమవారం స్టేటస్ మీటింగ్. మేనేజరు అడుగుతాడు, మాడ్యూల్ ఎంతవరకు వచ్చింది? 'తొంభై శాతం అయిపోయింది సార్.' వచ్చే సోమవారం కూడా తొంభైయే. ఆ పైవారం కూడా. మిగిలిన పది శాతంలో ఏముందో చెప్పేవాడికి తెలుసు. అవతలి టీమ్ నుంచి రావాల్సింది రాలేదు, లేదా మొదట వేసిన డిజైనే పనిచేయడం లేదు. ఆ మాట అంటే 'మరి ముందే ఎందుకు చెప్పలేదు' అని నలుగురిలో కడిగేస్తారని టెన్షన్. అందుకని చెప్పడు. క్లయింటుకు డెమో ఇవ్వాల్సిన ముందు రోజు సాయంత్రం, చావు కబురు చల్లగా చెప్పినట్టు, పని పూర్తి కాదనే సంగతి బయటపడుతుంది. ఆ మేనేజరు అడిగిన తీరే ఆ జవాబును రప్పించింది. ఎంత శాతం అని అడిగితే శాతమే వస్తుంది. 'నీ పని ఎక్కడ ఆగింది, ఎవరి వల్ల ఆగింది' అని అడిగితే వేరే జవాబు వస్తుంది, అదీ మొదటిసారి నిజం చెప్పినవాడిని కసురుకోకుండా ఉంటేనే.

టయోటా ఫ్యాక్టరీల్లో దీనికోసం ఒక తాడే కట్టారు. అసెంబ్లీ లైను మీద పనిచేసే మామూలు కార్మికుడికి ఏదైనా తేడాగా కనిపిస్తే ఆ తాడు లాగుతాడు. దీపం వెలుగుతుంది, టీమ్ లీడరు పరుగున వస్తాడు. అప్పటికప్పుడు సరిచేయలేకపోతే లైను ఆగిపోతుంది. లైను ఆగితే నష్టం ఎంతో అందరికీ తెలుసు. అయినా లాగినవాడిని తిట్టరు. ఈ పద్ధతిలో గొప్పదనం తాడులో లేదు. చెడ్డవార్త చెప్పడానికి నోరు తెరవాల్సిన పని లేకుండా చేయడంలో ఉంది. మన దగ్గర చాలాచోట్ల సజెషన్ బాక్సు గోడకు వేలాడుతుంటుంది. దాని తాళంచెవి ఎవరి దగ్గరుందో ఎవరికీ తెలియదు.

మీటింగుల సంగతే మరికొంచెం చూస్తే, 2004లో అమెజాన్‌లో జెఫ్ బెజోస్ పై స్థాయి సమావేశాల్లో పవర్‌పాయింట్ స్లైడ్లు వద్దన్నారు. వాటి బదులు ఆరు పేజీల వరకు పూర్తి వాక్యాల్లో రాసిన నోటు తేవాలి. మీటింగ్ మొదలవగానే అందరూ కూర్చుని దాన్ని మౌనంగా చదువుతారు, ఆ తర్వాతే చర్చ. స్లైడు మీద నాలుగు చుక్కలు పెట్టి నాలుగు ముక్కలు రాస్తే వాటి మధ్య సంబంధం ఉందో లేదో ఎవరికీ తెలియదు. ఒక్కోసారి రాసినవాడికీ తెలియదు. వాక్యంలో పెట్టాలంటే 'కాబట్టి', 'అయినా' అనే మాటలు రాయాల్సి వస్తుంది, అక్కడే ఆలోచనలోని బొక్కలు బయటపడతాయి. ఆ కంపెనీ 2019లో నానక్‌రామ్‌గూడలో తన అతిపెద్ద ఆఫీసు భవనం తెరిచింది. చుట్టుపక్కల కంపెనీలు అక్కడి నుంచి మనుషులను బాగానే తెచ్చుకున్నాయి. ఈ అలవాటును మాత్రం తెచ్చుకున్నట్టు పెద్దగా కనబడదు.

చిన్న వ్యాపారాల్లో ఆరు పేజీలెక్కడివి, అంతా వాట్సాపే. అందులో తప్పు లేదు, తప్పు వాయిస్ మెసేజ్ దగ్గర వస్తుంది. 'అన్నా, మొన్నటిదే ఇంకో యాభై పంపు, కలర్ నీకు తెలుసు కదా.' మొన్న అంటే ఏ రోజు, యాభై అంటే మీటర్లా పీసులా, కలర్ ఏది? సరుకు దిగాక వచ్చే తగాదాలో ఆ మెసేజ్‌ను ఇద్దరూ మళ్లీ మళ్లీ వింటారు. ఇద్దరికీ తమకు కావలసినట్టే వినబడుతుంది. అది విన్న వెంటనే 'మెరూన్, 50 పీసులు, శుక్రవారం లారీకి, పీసు రేటు మొన్నటిదే 340, సరేనా' అని టైపు చేసి, అవతలి నుంచి 'సరే' వచ్చేదాకా సరుకు పంపని దుకాణదారులు ఉన్నారు. దానికి ఒక నిమిషం పడుతుంది.

కొనేవాడికీ అమ్మేవాడికీ మధ్య సమాచారం అన్నిటికన్నా అధ్వానంగా నడిచే చోటు ఏదంటే, ఆరోగ్య బీమా అనే చెప్పాలి. ఐదు లక్షల పాలసీ అంటే ఐదు లక్షల దాకా కంపెనీ కడుతుందని తీసుకున్నవాళ్లలో చాలామంది నమ్మకం. కొన్ని పాలసీల్లో గది అద్దెకు రోజుకు ఒక శాతం, అంటే 5,000 అని పరిమితి ఉంటుంది. రోగిని 10,000 గదిలో చేర్చారనుకోండి. అదనపు 5,000 మన జేబులోంచి పోతుంది, అంతేగా అనిపిస్తుంది. అంతే కాదు. గదిని బట్టి మారే డాక్టరు ఫీజు, ఆపరేషన్ థియేటరు, నర్సింగ్ చార్జీలు కూడా అదే నిష్పత్తిలో తగ్గుతాయి. నాలుగు రోజుల గదికి 40,000, సర్జను ఫీజు వగైరా 1,20,000 అయితే కంపెనీ ఇచ్చేది సగం, 80,000. మందులు, పరీక్షలు, లోపల అమర్చే పరికరాలకు ఈ కోత ఉండదు. మిగతా 80,000 డిశ్చార్జి కౌంటరు దగ్గర అప్పటికప్పుడు సర్దుకోవాలి. రోగి బంధువు బీమా కంపెనీ మోసం చేసిందంటాడు. కంపెనీ ఫలానా పేజీలో ఫలానా నిబంధన చూపిస్తుంది. ఆ నిబంధన అక్కడ ఉండటమూ నిజమే, అతనికి ఎవరూ చెప్పకపోవడమూ నిజమే.

బీమా నియంత్రణ సంస్థ ఐఆర్‌డీఏఐ కార్యాలయం ఉన్నది హైదరాబాద్‌లోనే. 2024 జనవరి 1 నుంచి ఆ సంస్థ ఆరోగ్య పాలసీలకు కొత్త తరహా సమాచార పత్రాన్ని తప్పనిసరి చేసింది. పాలసీ ఏ రకానిది, ఎంతవరకు కడుతుంది, ఏవి కవర్ కావు, గది అద్దె లాంటి పరిమితులేమిటి, పాత జబ్బులకు ఎన్నాళ్లు ఆగాలి, ఫిర్యాదు ఎక్కడ చేయాలి. ఇవన్నీ తేలిక మాటల్లో అందులో ఉండాలి. పాత జబ్బుల నిరీక్షణ కాలం 36 నెలలు మించకూడదని ఆ తర్వాత మరో నిబంధన వచ్చింది. పాలసీ చేతికి అందాక నచ్చకపోతే వాపసు ఇవ్వడానికి 30 రోజుల గడువుంది. పాలసీదారు కోరితే ఆ సమాచార పత్రాన్ని స్థానిక భాషలో, అంటే మన దగ్గర తెలుగులో ఇవ్వాలి.

చిక్కు ఆ 'కోరితే' దగ్గరే. ప్రీమియం కట్టించేదాకా ఏజెంటు ఫోన్లో మాట్లాడేదంతా తెలుగే. ఎన్ని లక్షలు, ఎంత డిస్కౌంటు, ఏ ఆసుపత్రులు, అన్నీ తెలుగులోనే అర్థమవుతాయి. డబ్బు కట్టాక మెయిల్‌లో వచ్చే పీడీఎఫ్ మాత్రం ఇంగ్లీషులో ఉంటుంది. తెలుగు ప్రతి అడగవచ్చని, ముందు అలాంటి పత్రం ఒకటి ఉందని ఆ ఫోన్‌లో ఎవరైనా చెబితే కదా అడగడానికి.